బేసిక్ మీద వేసిన నిందలు

కంప్యూటరుకు పని చెప్పడం పిల్లలకు నేర్పాలంటే పైథాన్‌తోనే మొదలుపెట్టాలి, వీలైతే నేరుగా కృత్రిమ మేధలోకే దించాలి, బేసిక్ లాంటి పాత భాష పేరెత్తడం కూడా దండగ అన్న అభిప్రాయం మా పలమనేరు ప్రాంతంలో గట్టిగా నాటుకుపోయింది. బెంగళూరులో ఉద్యోగం చేసే బంధువులు అదే చెబుతారు. శిక్షణ కేంద్రాల కరపత్రాలు అదే చెబుతాయి. ఇంజనీరింగ్ చదివి అయ్యవార్లయిన వాళ్ళూ అదే చెబుతారు. "ఆ పాతది ఇప్పుడెందుకు సార్, మా పిల్లోడికి పైథాన్ చెప్పండి, ఏఐ చెప్పండి" అని ఎనిమిదో తరగతి పిల్లవాడి తండ్రి అడిగితే అందులో ఆయన తప్పేమీ లేదు. మూడు గంటల ప్రయాణంలో బెంగళూరు ఉంది. అక్కడ ఏ మాట చెల్లుతుందో దాన్నే ఇక్కడి తల్లిదండ్రులు నమ్ముకుంటారు. తప్పు ఆయనకు అలా చెప్పినవాళ్ళది.

ఆ అభిప్రాయం మొదలంటా తప్పని నా వాదన. ఈ ప్రాంతపు పిల్లలకు కంప్యూటరు పాఠాలు చెప్పినవాణ్ణి కాబట్టి, తెలుగు మాధ్యమంలో చదివే పిల్ల మొదటిసారి కీబోర్డు ముందు కూర్చున్నప్పుడు ఏమవుతుందో చూసినవాణ్ణి కాబట్టి ఈ మాట అంటున్నాను. బేసిక్‌కు వ్యతిరేకంగా చెప్పే వాదాలను ఒక్కొక్కటే తీసుకుంటాను.

అన్నిటికంటే పాతది, అన్నిటికంటే బరువైనది: బేసిక్ మనసును చెడగొడుతుందన్న నింద. దీని వెనక పెద్ద పేరే ఉంది. నెదర్లాండ్స్‌కు చెందిన ఎడ్స్‌గర్ డైక్‌స్ట్రా 1972లో కంప్యూటరు శాస్త్రంలో ఇచ్చే ట్యూరింగ్ పురస్కారం పొందిన మహా మేధావి. ఆయన 1975లో రాసిన ఒక చిన్న నోట్‌లో, ముందే బేసిక్ పరిచయమైన విద్యార్థులకు మంచి ప్రోగ్రామింగ్ నేర్పడం దాదాపు అసాధ్యమనీ, వాళ్ళ బుద్ధి మళ్ళీ బాగుపడనంతగా చెడిపోతుందనీ అన్నాడు. ఇప్పటికీ ఇంజనీరింగ్ కాలేజీల్లో ఈ మాటను శాసనంలా వల్లిస్తారు. వల్లించేవాళ్ళు ఆ నోట్ మొత్తం చదవరు. అదే కాగితంలో ఆయన వేరే భాషలనూ వదల్లేదు: ఫోర్ట్రాన్‌ను తిట్టాడు, పీఎల్ వన్‌ను తిట్టాడు, ఏపీఎల్‌ను తిట్టాడు, కోబాల్ నేర్పడాన్ని నేరంగా చూడాలన్నాడు. కోబాల్‌లో రాసిన ప్రోగ్రాములు నేటికీ ప్రపంచంలోని పెద్ద పెద్ద బ్యాంకుల్లో నడుస్తున్నాయి. ఫోర్ట్రాన్ నేటికీ వాతావరణ అంచనాల లెక్కలు కడుతోంది. తక్కిన తిట్లను కోపంలో అన్న మాటలుగా వదిలేసి, బేసిక్ మీద తిట్టును మాత్రం నిరూపణ అయిన సత్యంలా ఎందుకు పట్టుకోవాలి? ఆయన ఆ మాటకు రుజువేమీ చూపలేదు. పిల్లలను రెండు జట్లు చేసి, ఒక జట్టుకు బేసిక్ నేర్పి, ఇంకో జట్టుకు నేర్పకుండా పరీక్షించి చెప్పిన మాట కాదది.

రుజువు కావాలంటే ఆ తరువాతి యాభై ఏళ్ళ చరిత్రే ఉంది. లైనస్ టోర్వాల్డ్స్ ఫిన్లాండ్‌లో తాతగారి కామడోర్ విక్-20 మీద బేసిక్‌తో మొదలుపెట్టాడు. పెద్దయ్యాక లినక్స్ రాశాడు. నేడు ప్రపంచంలోని సర్వర్లలో చాలా భాగం దాని మీదే నడుస్తోంది. అనంతపురం జిల్లా మూలాలున్న మన సత్య నాదెళ్ళ హైదరాబాద్‌లో బడి పిల్లవాడుగా ఉన్నప్పుడు తండ్రి యుగంధర్ గారు కొనిచ్చిన చిన్న కంప్యూటరు సింక్లెయిర్ జెడ్ఎక్స్80. అందులో నాలుగు కిలోబైట్ల చోటులో ఇమిడ్చిన బేసిక్ తప్ప ఇంకేమీ లేదు. ఆ పిల్లవాడు 2014లో మైక్రోసాఫ్ట్ అధిపతి అయ్యాడు. కృత్రిమ మేధనే చూద్దాం. గో ఆట ఆడే ఆల్ఫాగో ప్రోగ్రామును తయారుచేసిన డీప్‌మైండ్ సంస్థాపకుల్లో ఒకరు, 2024లో రసాయనశాస్త్రంలో నోబెల్ పంచుకున్న డెమిస్ హసాబిస్, చదరంగం పోటీల్లో గెలిచిన డబ్బుతో చిన్నతనంలోనే జెడ్ఎక్స్ స్పెక్ట్రమ్ కొనుక్కొని, పుస్తకాలు చూసి సొంతంగా ప్రోగ్రామింగ్ నేర్చుకున్నాడు. స్విచ్ వేయగానే ఆ యంత్రం పలికేది బేసిక్. వీళ్ళు గొప్పవాళ్ళయింది బేసిక్ వల్లేనని నేను అనను. బేసిక్ బుద్ధిని చెడగొడుతుందన్న మాట అబద్ధమని తేల్చడానికి మాత్రం వీళ్ళు చాలు.

డైక్‌స్ట్రా కోపంలో ఒక న్యాయం ఉంది, దాన్ని దాచను. తొలినాటి బేసిక్‌లో ప్రతి వరుసకూ ఒక అంకె ఉండేది. గోటూ అంటే ఆ అంకె ఉన్న వరుసకు దూకడం. ప్రోగ్రాము పెరిగేకొద్దీ ఈ దూకుళ్ళు అల్లుకుపోయి, రాసినవాడికే అర్థం కాకుండా పోయేది. కానీ 1991లో ఎంఎస్-డాస్ 5తో పాటు వచ్చిన క్యూబేసిక్‌లో వరుసల అంకెలు అక్కర్లేదు. విడివిడి ఉపప్రోగ్రాములు రాసుకోవచ్చు, షరతు తీరేదాకా తిరిగే డూ-లూప్ ఉంది, ఎన్నో దారుల్లోంచి ఒకటి ఎంచుకునే సెలెక్ట్ కేస్ ఉంది. గోటూ ముట్టుకోకుండా ఏడాది పొడుగునా పాఠం చెప్పవచ్చు. అంతెందుకు, బేసిక్ సృష్టించిన ఇద్దరు ప్రొఫెసర్లకే చిన్న కంప్యూటర్లలోకి వచ్చిన గజిబిజి రూపాలు నచ్చక, 1985లో ట్రూ బేసిక్ అని చక్కదిద్దిన రూపం తెచ్చారు. ఎప్పుడో దిద్దుకున్న తప్పును పట్టుకొని ఇప్పటికీ భాష మొత్తాన్ని శిక్షించడం అన్యాయం.

ఆ ఇద్దరి సంగతి కొంచెం వివరంగా చెప్పాలి, ఎందుకంటే బేసిక్ ఎవరి కోసం పుట్టిందో మరిచిపోవడం వల్లే ఈ గొడవంతా. జాన్ కెమెనీ బుడాపెస్ట్‌లో పుట్టిన యూదుడు. నాజీల భయంతో కుటుంబం అమెరికాకు వలస పోయింది. ఐన్‌స్టీన్ దగ్గర గణిత సహాయకుడిగా పనిచేశాడు. తరువాత డార్ట్‌మత్ కాలేజీలో గణితం చెప్పాడు, అక్కడే అధ్యక్షుడూ అయ్యాడు. థామస్ కర్ట్‌జ్ అదే కాలేజీలో సహోద్యోగి. డార్ట్‌మత్‌లో సొంత కంప్యూటరు లేని రోజుల్లో చిల్లులు పొడిచిన కార్డులను పెట్టెలో సర్దుకొని కర్ట్‌జ్ రైలెక్కి ఎంఐటీకి వెళ్ళేవాడు. అక్కడ వాటిని యంత్రంలో పెట్టించి, ఫలితం తెచ్చుకునేవాడు. ఒక్క కామా తప్పు పడినా మళ్ళీ రైలే. ఇంత అవస్థ ఉన్నప్పుడు చరిత్ర, సాహిత్యం చదివే విద్యార్థి కంప్యూటరు ముఖం చూస్తాడా? డార్ట్‌మత్ విద్యార్థుల్లో ఎక్కువమంది సైన్సు చదవనివాళ్ళే. రేపు ఈ యంత్రాల గురించి నిర్ణయాలు తీసుకునేది వాళ్ళే కదా, వాళ్ళకు ఇది తెలియకపోతే ఎలా అన్నది ఆ ఇద్దరి బాధ. విద్యార్థులనే తోడు పెట్టుకొని, సుమారు పదిహేను ఆదేశాలతో ఒక భాష తయారుచేశారు. 1964 మే 1న తెల్లవారుజామున 4 గంటలకు అందులో రాసిన ప్రోగ్రాములు మొదటిసారి నడిచాయి. దాన్ని అమ్ముకోలేదు, ఎవరైనా వాడుకోవచ్చని వదిలేశారు.

నిపుణుల కోసం కాదు, యంత్రం చూస్తే బెదిరేవాళ్ళ కోసం చేసిన భాష ఇది. మా ఊరి పిల్లలు ఆ రెండో కోవకే చెందుతారు. వాళ్ళ తల్లిదండ్రులు టమోటా పండిస్తారు, మల్బరీ ఆకు కోసి పట్టుపురుగులకు వేస్తారు, ఆవులు మేపుకొని పాలు పోస్తారు. ఇంట్లో కంప్యూటరు ఉండదు, ఒక ఫోను ఉంటుంది.

ఇక రెండో వాదం. పైథాన్ కూడా తేలికే కదా, మరి బేసిక్ ఎందుకు? చాలామంది మర్యాదస్తులు అడిగే ప్రశ్న ఇది, దీనికి మర్యాదగానే జవాబు చెప్పాలి. పైథాన్ మంచి భాష. నేనూ నేర్పుతాను. అయితే తేలిక అనేది నేర్చుకునేవాడి వైపు నుంచి చూడాలి, అప్పటికే నాలుగు భాషలు వచ్చినవాడి వైపు నుంచి కాదు.

మా దగ్గర పాల కేంద్రంలో పోసిన పాలకు లీటర్లను బట్టి, ఫ్యాట్ శాతాన్ని బట్టి లెక్క కడతారు. ఇంట్లో అమ్మ తెచ్చిన చీటీలో ఉన్న మొత్తం సరిపోయిందో లేదో చూడాలని పిల్లకు చెప్పాను అనుకోండి. పొద్దున 5 లీటర్లు, సాయంత్రం 4 లీటర్లు. క్యూబేసిక్‌లో ఇన్‌పుట్ అని రాసి ఒక పేరు పెడితే చాలు, టైపు చేసిన 5 అంకెగానే లోపలికి వెళుతుంది. ఇంకో ఇన్‌పుట్, రెండూ కూడి ప్రింట్. జవాబు 9. పొరపాటున అంకె బదులు అక్షరం కొడితే మళ్ళీ మొదటినుంచి ఇవ్వమని అక్కడే అడుగుతుంది. పైథాన్‌లో అదే పిల్ల అదే వరుసలో రాస్తే జవాబు 54 వస్తుంది. ఎందుకంటే పైథాన్ ఇన్‌పుట్‌తో తీసుకున్నదాన్ని అంకెగా కాక అక్షరాలుగా చూస్తుంది, కూడమంటే పక్కపక్కన అంటిస్తుంది. ముందు దాన్ని అంకెగా మార్చాలని చెప్పాలి. ఎందుకు మార్చాలో చెప్పాలంటే సమాచారంలో రకాలుంటాయని చెప్పాలి. అది చెప్పవలసిన పాఠమే, కానీ మొదటి రోజు మొదటి పది నిమిషాల్లో చెప్పవలసిన పాఠం కాదు. ఆ వయసులో పిల్లకు ఆ రోజు 9 కనబడాలి. 9 కనబడితే రేపు మళ్ళీ వస్తుంది. 54 కనబడితే, ఇది మనకు రాదులే అనుకుంటుంది. పేదింటి పిల్లలు, అందులోనూ ఆడపిల్లలు, ఆ మాట ఎంత తొందరగా అనుకుంటారో తరగతిలో నిలబడ్డవాళ్ళకు తెలుసు.

క్యూబేసిక్‌లో ఒక వరుస రాసి ఎంటర్ కొట్టగానే అది సరిగ్గా ఉంటే ఆదేశాల అక్షరాలు వాటంతటవే పెద్దవవుతాయి. తప్పుంటే అప్పుడే చెబుతుంది. అంటే పక్కన అయ్యవారు లేకపోయినా వరుస వరుసకూ దిద్దే చెయ్యి ఒకటుంది. ఎఫ్5 నొక్కితే ప్రోగ్రాము నడుస్తుంది. ఎఫ్8 నొక్కుతూ పోతే ఒక్కొక్క వరుసే నడుస్తుంది, యంత్రం ఎక్కడుందో కళ్ళతో చూడవచ్చు. ఎఫ్1 నొక్కితే ప్రతి ఆదేశానికీ వివరణ, ఉదాహరణ లోపలే ఉన్నాయి. నెట్ అక్కర్లేదు. భాష, రాసుకునే చోటు కలిపి మూడు వందల కిలోబైట్ల లోపే. తెర మీద వలయం గీయాలంటే పైథాన్‌లో ఇంకో గ్రంథాలయాన్ని, అంటే ముందే రాసిపెట్టిన ప్రోగ్రాముల కట్టను, పిలవాలి. క్యూబేసిక్‌లో తెర రకం చెప్పి, సర్కిల్ అని రాసి, ఎక్కడ, ఎంత అని మూడు అంకెలు ఇస్తే వలయం వస్తుంది. సౌండ్ అంటే శబ్దం వస్తుంది. క్యూబేసిక్‌తో పాటు రెండు ఆటలు వచ్చేవి: గొరిల్లాలు మేడల మీద నిలబడి అరటిపండ్లు విసురుకునేది ఒకటి, పాము ఆట ఒకటి. ఆడి ఊరుకునేవి కావవి. వాటి రాత మొత్తం పిల్లల ముందే తెరుచుకుంటుంది. గురుత్వాకర్షణ అంకె మారిస్తే అరటిపండు ఎగిరే దారి మారుతుంది. ఎనిమిదో తరగతి భౌతికశాస్త్రం పుస్తకంలో చదివినదాన్ని తన చేత్తో మార్చి చూసిన పిల్లవాడి ముఖం చూసినవాళ్ళెవరూ ఈ భాషను పనికిరానిదనరు.

తెలుగు మాధ్యమం సంగతి కూడా ఇందులోనే ఉంది. బేసిక్‌లో రోజూ వాడే ఇంగ్లిష్ మాటలు ఇరవైకి మించవు. ప్రింట్, ఇన్‌పుట్, ఇఫ్, దెన్, ఫర్, నెక్స్ట్, ఎండ్. పలమనేరు చుట్టుపక్కల పిల్లలు తెలుగు, తమిళం, కన్నడం మూడూ విని పెరుగుతారు, కొత్త మాటలకు భయపడరు. భయపడేది మాటల వెనక దాగిన గుర్తులకు, విరామాలకు, లోపలి నిబంధనలకు. అవి ఎంత తక్కువగా ఉంటే పిల్ల దృష్టి అంతగా లెక్క మీద నిలుస్తుంది.

ఇంకో సంగతి. పైథాన్ బయటి ప్రపంచానికి అందింది 1991లో, అంటే క్యూబేసిక్ వచ్చిన ఏడాదే. పైథాన్‌కు మూలమైన ఏబీసీ అనే భాషను ఆమ్‌స్టర్‌డామ్‌లో తయారుచేసినవాళ్ళు బేసిక్ స్థానంలో నిలవాలని తయారుచేశారు. కొత్తగా నేర్చుకునేవాళ్ళకు ఒక ప్రత్యేకమైన మొదటి మెట్టు ఉండాలన్న ఆలోచన బేసిక్‌ది. పైథాన్ ఆ ఆలోచన నుంచి వచ్చి, నిపుణుల చేతుల్లో పెద్దదై, ఇప్పుడు మొదటి మెట్టుకన్నా ఎత్తుగా ఎదిగింది. పెద్దదైనందుకు దాన్ని తప్పుపట్టను. పిల్లల కాళ్ళు మాత్రం అంతే ఉన్నాయి.

మూడో వాదం ఉద్యోగాలది. బేసిక్‌తో ఉద్యోగం రాదు, నిజమే. పలక మీద అ ఆలు దిద్దే పిల్లను చూసి పలకతో ఏ ఉద్యోగం వస్తుందని ఎవరైనా అడుగుతారా? ఎనిమిదో తరగతి పిల్ల ఉద్యోగానికి వెళ్ళేసరికి కనీసం తొమ్మిది పదేళ్ళు పడుతుంది. ఈ రోజు బెంగళూరులో అడిగే పనిముట్లు అప్పటికి ఎన్ని మిగులుతాయో ఎవరూ హామీ ఇవ్వలేరు. కేంద్ర మాధ్యమిక విద్యా బోర్డు (సీబీఎస్ఈ) కంప్యూటర్ సైన్సు పాఠ్యక్రమంలో మొన్నమొన్నటిదాకా సీ ప్లస్ ప్లస్ ఉండేది, దాన్ని తీసి పైథాన్ పెట్టారు. రేపు ఇంకోటి పెడతారు. భాషలు మారినా పిల్ల దగ్గర మిగిలేది ఏమిటి? ఒక పనిని చిన్న చిన్న అడుగులుగా విడగొట్టడం, ఏ షరతు ముందు, ఏది వెనక అని తేల్చుకోవడం, జవాబు తప్పయితే ఎక్కడ తప్పిందో వెతుక్కుంటూ వెనక్కి నడవడం. ఇవి ఏ భాషలో నేర్చుకున్నా ఇంకో భాషకు వెంట వస్తాయి. కాబట్టి ఇవి తొందరగా పట్టుబడే భాషలో మొదలుపెట్టడమే తెలివి.

పైగా బేసిక్‌తో పనే లేదన్నది కూడా నిజం కాదు. 1991లో వచ్చిన విజువల్ బేసిక్ చిన్న వ్యాపారాల లోకాన్నే మార్చేసింది. తెర మీద గడులు, బొత్తాలు పేర్చి లోపల నాలుగు వరుసలు రాస్తే దుకాణానికి బిల్లింగ్ తయారు. 1998 నాటి విజువల్ బేసిక్ 6లో ప్రోగ్రాములు రాసుకునే పనిముట్లకు మద్దతును మైక్రోసాఫ్ట్ 2008లోనే ఆపేసింది. అయినా ఆ భాషలో రాసినవి నడవడానికి కావలసిన ఏర్పాటు విండోస్ 11లోనూ ఉంచక తప్పలేదు. అంతమంది ఇంకా వాటి మీద ఆధారపడి ఉన్నారు కాబట్టే ఉంచారు. ఎక్సెల్‌లో మాక్రోలు రాసే భాష కూడా బేసిక్ కుటుంబానిదే. జీతాల పట్టిక, మార్కుల పట్టిక, సరుకు నిల్వల లెక్క చూసే ఏ గుమాస్తా అయినా ఆ భాష తెలిస్తే గంటల పని నిమిషాల్లో ముగిస్తాడు. మన చిన్న పట్టణాల్లో డిగ్రీ చదివిన పిల్లలకు దొరికే పనులు చాలావరకు ఇవే. వీటిని చిన్నచూపు చూడడం పెద్ద ఊళ్ళ అలవాటు.

నాలుగోది కొత్త వాదం, ఇప్పుడు అన్నిటికంటే గట్టిగా వినిపిస్తున్నది: ప్రోగ్రాములు ఏఐ రాసిపెడుతుంటే పిల్లలు రాయడం నేర్చుకోవడం ఎందుకు? ఈ వాదం బేసిక్‌ను మాత్రమే కాదు, మొత్తం చదువునే కొట్టిపారేస్తుంది. అందుకే దీన్ని ఊరికే వదలకూడదు.

మా దగ్గర అప్పు పత్రం రాసేటప్పుడు "రెండు రూపాయల వడ్డీ" అంటారు. అంటే నెలకు నూటికి రెండు, ఏడాదికి ఇరవై నాలుగు. ఆ ఇరవై నాలుగు బారువడ్డీనా, చక్రవడ్డీనా? చక్రవడ్డీ అయితే అసలులో కలిపేది నెలకొకసారా, ఏడాదికొకసారా? మధ్యలో కొంత కట్టితే అది ముందు వడ్డీకి జమా, అసలుకా? లక్ష రూపాయల అప్పు మీద మూడేళ్ళకు ఈ జవాబులను బట్టి వేల రూపాయల తేడా వస్తుంది. ఏఐని అడిగితే ఒక ప్రోగ్రాము చకచకా రాసిస్తుంది. అది పై ప్రశ్నలకు ఏ జవాబులు అనుకొని రాసిందో కనిపెట్టాలంటే ప్రోగ్రాము చదవడం రావాలి, అంతకంటే ముందు ఆ ప్రశ్నలు ఉన్నాయని తెలియాలి. సొంతంగా ఒక్కసారైనా వడ్డీ ప్రోగ్రాము రాసిన పిల్లకు అవి తెలుస్తాయి, ఎందుకంటే ప్రతి ప్రశ్న దగ్గరా యంత్రం ఆగిపోయి ఆమె జవాబు కోసం చూసింది. రాయని పిల్ల తెర మీద వచ్చిన అంకెను దేవుడి మాటలా నమ్ముతుంది. అప్పిచ్చినవాడి మాటను వాళ్ళ తాత నమ్మి వేలిముద్ర వేసినట్టే అవుతుంది. చదువు నేర్పేది ఆ పరిస్థితి నుంచి బయటపడడానికే కదా.

అందుకే ఏఐ వచ్చాక మొదటి భాష చిన్నదిగా ఉండడం ఇంకా అవసరమైంది. మొత్తం ప్రోగ్రాము ఒక్క తెరలో కనబడాలి, ప్రతి వరుసా పిల్లకు అర్థం కావాలి, అర్థం కాని గ్రంథాలయం ఏదీ లోపల దాగి ఉండకూడదు. ఆ పునాది పడ్డాక ఏఐ ఇచ్చినదాన్ని నిలదీయగలుగుతుంది.

ఈ విషయంలో మా జిల్లాకు ఒక హక్కు ఉందని నేననుకుంటాను. పాత చిత్తూరు జిల్లాలోని కాటూరులో 1937లో పుట్టి, పల్లె బడిలో తెలుగులో చదువుకున్న రాజ్ రెడ్డి గారు కృత్రిమ మేధలో చేసిన కృషికి 1994లో ట్యూరింగ్ పురస్కారం పొందారు. ఆ పురస్కారం అందుకున్న తొలి ఆసియా సంతతి వ్యక్తిగా ఆయనను చెబుతారు. ఆయన మొదట ప్రోగ్రాములు రాసింది ఆస్ట్రేలియాలో, ఇంగ్లిష్ ఎలక్ట్రిక్ డ్యూస్ అనే పాతకాలపు యంత్రం మీద. దాని పక్కన మా బడుల్లో మూలపడ్డ కంప్యూటరు మహాయంత్రం. 1980ల తొలి ఏళ్ళలో ఫ్రాన్సు ప్రభుత్వం పారిస్‌లో నెలకొల్పిన ప్రపంచ కంప్యూటరు కేంద్రానికి ఆయన ప్రధాన శాస్త్రవేత్తగా పనిచేశారు. పేద దేశాల ప్రజలకు కంప్యూటరు ఎలా ఉపయోగపడుతుందో చూడడం ఆ కేంద్రం పని. అందులో ఆయనతో పాటు పిల్లల కోసం లోగో భాష తయారుచేసిన సీమోర్ పాపర్ట్ కూడా ఉన్నారు. కంప్యూటరు పిల్లల చేత పాఠం వల్లె వేయించకూడదు, పిల్లలే కంప్యూటరుకు పాఠం చెప్పాలి అన్నది పాపర్ట్ జీవితమంతా చేసిన వాదన.

మన ప్రభుత్వాలు చేసింది దీనికి తలకిందులు. 1984-85లో కేంద్రం క్లాస్ పేరుతో పథకం పెట్టి, తొలి విడతలో రెండు వందల యాభై బడులకు బ్రిటన్ నుంచి బీబీసీ మైక్రో కంప్యూటర్లు తెప్పించింది. వాటిలో మంచి బేసిక్ ఉంది. అంత మంచి మొదలు ఉండి కూడా తరువాత వచ్చిన పథకాల్లో కంప్యూటరు విద్య అంటే ఉత్తరం టైపు చేయడం, బొమ్మలు రంగులేయడం, స్లయిడ్లు పేర్చడం అయింది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2000 తరువాత ప్రైవేటు సంస్థలతో ఒప్పందాలు కుదుర్చుకొని వేల ఉన్నత పాఠశాలల్లో కంప్యూటరు గదులు తెరిచారు. ఒప్పందాల గడువు తీరాక బోధకులు వెళ్ళిపోయారు, చాలా గదులకు తాళాలు పడ్డాయి. 2022 డిసెంబరులో ఎనిమిదో తరగతి పిల్లలకు ట్యాబులు పంచారు. లక్షల మందికి అందిన ఆ ట్యాబుల్లో పాఠాల వీడియోలు ఉన్నాయి. చూడడానికి అవి పనికొచ్చాయి. పిల్ల తన చేత్తో యంత్రానికి పని చెప్పడానికి కావలసిన కీబోర్డు లేదు, పాఠమూ లేదు.

బ్రిటన్‌లోనూ ఇదే జరిగింది, అక్కడివాళ్ళు గుర్తించి దిద్దుకున్నారు. 2000 తరువాత కేంబ్రిడ్జిలో కంప్యూటర్ సైన్సుకు దరఖాస్తు చేసే పిల్లల సంఖ్యా, వాళ్ళ నైపుణ్యమూ పడిపోతున్నాయని ఎబెన్ అప్టన్, ఆయన మిత్రులు గమనించారు. వెనకటి తరం బీబీసీ మైక్రో లాంటి యంత్రాల ముందు కూర్చుని ఇంట్లోనే బేసిక్ నేర్చుకొని వచ్చేది. కొత్త తరానికి తెరిచి చూడడానికి వీల్లేని యంత్రాలే దొరికాయి. ఆ లోటు పూడ్చడానికే 2012లో రాస్‌బెరీ పై అనే చిన్న చవక కంప్యూటరును తెచ్చారు. పాత యంత్రాలు పోవడంతో ఏం పోయిందో తెలుసుకోవడానికి ఇంతకన్నా పెద్ద సాక్ష్యం అక్కర్లేదు. అప్టన్ బృందం తమ కంప్యూటరుకు పైథాన్‌ను ఎంచుకుంది, అది వాళ్ళిష్టం. స్విచ్ వేయగానే పిల్ల చేతికి అందే యంత్రం కావాలన్నదే వాళ్ళూ నేనూ చెప్పేది.

బేసిక్‌లో లోపాలు లేవని నేను అనడం లేదు. క్యూబేసిక్‌లో తెలుగు అక్షరాలు రావు. ఇది చిన్న లోపం కాదు. పైథాన్‌లో పిల్ల తన పేరు తెలుగులో అచ్చువేసుకోగలదు, అందుకు దానికి నా నమస్కారం. పాత క్యూబేసిక్ ఇప్పటి అరవై నాలుగు బిట్ల విండోస్ మీద నేరుగా నడవదు. క్యూబీ64 అనే ఉచిత రూపాన్ని వాడాలి, అది విండోస్ మీదా లినక్స్ మీదా నడుస్తుంది. బేసిక్‌తోనే ఆగిపోకూడదు కూడా. ఎనిమిదో తరగతిలో అర్ధ సంవత్సరం బేసిక్, తొమ్మిదిలో పైథాన్ అయితే సరిపోతుంది. అప్పుడు ఆ 54 ఎందుకు వచ్చిందో పిల్లే చెబుతుంది.

2020 నాటి జాతీయ విద్యా విధానం ఆరు నుంచి ఎనిమిది తరగతుల స్థాయిలోనే పిల్లలకు కోడింగ్ పరిచయం చేయాలంది. దానికి కొత్త ట్యాబులూ అక్కర్లేదు, వేగమైన నెట్టూ అక్కర్లేదు. పలమనేరు, గంగవరం, బైరెడ్డిపల్లె, పెద్దపంజాణి, వి.కోట మండలాల ఉన్నత పాఠశాలల ప్రధానోపాధ్యాయులకు నా విన్నపం: మీ బడిలో తాళం వేసిన కంప్యూటరు గది ఉంటే ఒకసారి తెరిపించండి. నాలుగింటిలో ఒక్కటైనా పనిచేస్తుంది. పెన్‌డ్రైవ్‌లో క్యూబీ64 తెచ్చి అందులో పెట్టండి. గణితం చెప్పే అయ్యవారికి వారం రోజులు నేర్పితే చాలు, తక్కినది ఆయన పిల్లలతో కలిసి నేర్చుకుంటారు. ఖర్చు ఏమీ లేదు. ఈ విద్యా సంవత్సరంలోనే మొదలుపెట్టండి.